గడియారం నా చేతికే ఉంది

మహేంద్రగిరి ఎక్కుదామని వెళ్లి, శిఖరం చూడకుండానే తిరిగొచ్చాను. ఆ రోజు నేను చేసిన పనొకటి ఉంది. చాలాకాలం దాన్ని ధైర్యం అనుకున్నాను. మన పత్రికల్లో మనం మెచ్చుకునే రకం ధైర్యం. ఇప్పుడు దాన్ని ఏ పేరుతో పిలవాలో తేల్చుకోవడానికే ఇది రాస్తున్నాను.

శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో పుస్తకాలు చదువుకుని మాట్లాడుకునే ఆడవాళ్లం పదకొండు మందిమి ఉన్నాం. టీచర్లు, లెక్చరర్లు, ఒక బ్యాంకు ఉద్యోగి, రిటైరైన ఒక నర్సు. నలభై దాటినవాళ్లమే ఎక్కువ. కొన్నేళ్ల కిందట ఒక డిసెంబరులో అందరం కలిసి మందస వైపు నుంచి మహేంద్రగిరికి బయల్దేరాం. 1501 మీటర్ల కొండ అది. శిఖరం ఒడిశాలో ఉంది, పాదాలు మన వైపు కూడా చాచుకుని ఉంటుంది. బారువ దగ్గర సముద్రంలో కలిసే మహేంద్రతనయ అక్కడే పుడుతుంది. శివరాత్రికి జనం బారులు తీరి ఎక్కుతారు. మేం మాత్రం మొక్కు లేకుండా, మొగుళ్లూ పిల్లలూ లేకుండా, ఊరికే ఎక్కుదామనుకున్నాం. ఆ ‘ఊరికే’ అన్న మాట కోసం మాలో కొందరు ఇళ్లలో వారం రోజులు వాదించి వచ్చారు.

మాకు దారి చూపించడానికి వచ్చినతను కొండ కింద ఊరి సవర యువకుడు. ముప్పై ఏళ్లుంటాయి. తోడుగా తమ్ముణ్ణి తెచ్చుకున్నాడు. తెల్లారకముందే, టార్చి వెలుగులో, మూడు షరతులు చెప్పాడు.

“గుంపొగ్గీసి ఎవులూ పక్కకెల్లకూడదు. గెడ్డ కాడ నాను అడుగెట్టిన రాయి మీదే అడుగెట్టాల. మద్దేన్నం రెండు గంటలకి ఎక్కడుంటే అక్కడినుండి ఎనక్కి తిరిగిపోవాల.”

“శిఖరం పదడుగుల్లో ఉన్నా తిరిగిపోవాలా?” అని నవ్వుతూ అడిగాను.

“పదడుగులున్నా సరేనమ్మా. పొద్దు దిగితే మబ్బు కమ్మీసి దారి కనిపించదు. అయిదున్నరకల్లా సీకటడిపోద్ది. ఎలుగులు తిరిగే ఏళ.”

ఎలుగుల మాట బెదిరింపు కాదని ఉద్దానం వాళ్లకి చెప్పక్కర్లేదు. 2018లో సోంపేట మండలంలో, 2022లో వజ్రపుకొత్తూరు మండలంలో ఎలుగుబంటి దాడుల్లో మనుషులు చనిపోయారు. అందరం తలూపాం. నేనూ ఊపాను.

మొదటి షరతు రెండు గంటలు తిరక్కుండానే పోయింది. గుంపు వదలకూడదన్నాడు సరే, ఒంటికి వెళ్లాలంటే? అతనితో ఆ మాట అనడానికి మాకు సిగ్గు, మమ్మల్ని అడగడానికి అతనికి మొహమాటం. ఇద్దరు పొదల చాటుకి వెళ్లారు, ఎవరికీ చెప్పలేదు. ముగ్గురు ఆ బాధ ఉండకూడదని పొద్దుటినుంచీ నీళ్లే తాగలేదు. పదకొండు గంటలకి వాళ్లలో ఒకామె కళ్లు తిరిగి కూలబడిపోయింది. నర్సు మేడం ఉప్పూ పంచదారా కలిపిన నీళ్లు పట్టించి అరగంట కూర్చోబెట్టింది. ఆ అరగంట అందరిదీ పోయింది.

రెండు గంటలైంది. అప్పటికి నేను అందరికంటే ముందున్నాను, ఒక మలుపు అవతల. కింది నుంచి అతని కేక వినిపించింది. మళ్లీ ఇంకోసారి. విననట్టు నటించాను. ఇన్నేళ్ల తర్వాత ఇది రాయడానికి చెయ్యి ఆడటం లేదు కానీ నిజం అదే. నాకు స్పష్టంగా వినబడింది. ‘ఇంకొక్క అరగంట’ అనుకుని నడిచాను. ఆ నడకలో ఎంత సంతోషం ఉందో కూడా చెప్పాలి. నా వెనక ఎవరూ లేరు, ముందు ఎవరూ లేరు. యాభై రెండేళ్ల వయసులో, ఎవరో పిలుస్తుంటే పలక్కుండా నడవడం అదే మొదటిసారి.

నలభై నిమిషాలకి అతను చెప్పినట్టే మబ్బు దిగింది. చూస్తుండగానే దారి మాయమైంది. నిలబడ్డచోటే నిలబడి అరవడం మొదలుపెట్టాను. తమ్ముడి దగ్గర మిగతావాళ్లని ఉంచి, అతను నాకోసం పైకి వచ్చాడు. ఒక్క మాట కూడా అనలేదు. “పదండమ్మా” అన్నాడంతే. దిగేటప్పుడు గెడ్డ దగ్గరకొచ్చేసరికి మసక పడిపోయింది. అతను అడుగుపెట్టిన రాయి నాకు కనబడలేదు. జారాను. అతను నన్ను పట్టుకుని పక్కకి నెట్టి, తను పడ్డాడు. ఎడమ చెయ్యి మణికట్టు దగ్గర విరిగింది. తువ్వాలుతో చేతిని మెడకి కట్టుకుని, మిగతా దారంతా మా ముందు నడిచాడు. ఊరు చేరేసరికి రాత్రి ఎనిమిదిన్నర.

ఇంటికొచ్చిన వారానికి ఒక స్నేహితురాలికి పెద్ద ఉత్తరం రాశాను. ఎవరి పిలుపుకీ పలక్కుండా కొండ మీద ఒంటరిగా నడిచిన ఆ నలభై నిమిషాల గురించి మూడు పేజీలు. ఆవిడ చదివి కంటతడి పెట్టుకున్నానని జవాబు రాసింది. ఆ మూడు పేజీల్లో అతని చెయ్యి లేదు.

*

నా తరఫున చెప్పుకోవలసింది కూడా కొంత ఉంది. ‘జాగ్రత్త’ అనే మాట వినకుండా నేను ఒక్కరోజు కూడా పెరగలేదు. మా ఇంటికి దగ్గర్లో చెరువుండేది. గట్టు మీదికి అన్నయ్య వెళ్లొచ్చు, నేను వెళ్లకూడదు. వాడికి ఈత నేర్పించారు. నాకు నేర్పలేదు, ఎందుకంటే నీళ్లు ప్రమాదం. నీళ్లు ప్రమాదమైతే ఈత రావలసింది ముందు నాకే కదా అని ఇంట్లో ఎవరికీ తోచలేదు. తర్వాత హాస్టల్. సాయంత్రం ఆరున్నరకి గేటుకి తాళం. మగపిల్లల హాస్టల్‌కి తాళమే లేదు. అడిగితే “మీ రక్షణ కోసమే” అనేవారు. 2015లో ఢిల్లీ ఆడపిల్లలు ‘పింజ్రా తోడ్’ అంటూ హాస్టల్ గేట్ల మీద పోరాడుతుంటే, మేం లోపల్లోపల గొణుక్కున్నదాన్ని వీళ్లు రోడ్డు మీద అంటున్నారని పొంగిపోయాను.

ఇలా పెరిగిన మనిషికి ఎవరైనా, అందులోనూ ఒక మగవాడు, “ఇంతవరకే” అనగానే ఒళ్లు మండుతుంది. ఆ మంట న్యాయమైనదే. కానీ అది ఎవరి మీద మండాలో దానికి తెలియదు. చెరువు గట్టు దగ్గర నాన్న గొంతూ, కొండ మలుపు దగ్గర ఆ సవర యువకుడి గొంతూ నా చెవికి ఒకేలా వినబడ్డాయి. నా పొరపాటు అక్కడ మొదలైందని ఇప్పుడు అనిపిస్తోంది.

నిజానికి ఆ కొండల్లో ‘నియమం’ అన్న మాటకి నాకంటే అతని వాళ్లకే ఎక్కువ కోపం రావాలి. 1882 మద్రాసు అటవీ చట్టం నాటి నుంచీ అడవి వాళ్లదే అయినా ఆంక్షలు మాత్రం ఎవరివో. పోడు కొట్టకూడదు, కలప తియ్యకూడదు. 1967 అక్టోబరు 31న మొండెంఖల్లు సభకి వెళ్తున్న గిరిజనుల మీద లేవిడి దగ్గర భూస్వాములు కాల్పులు జరిపితే కోరన్న, మంగన్న చనిపోయారు. శ్రీకాకుళం పోరాటం అక్కణ్ణుంచి ఎలా రగిలిందో మనకు తెలుసు. తరతరాలుగా దున్నుకుంటున్న అటవీభూమి మీద వాళ్లకి హక్కుందని చట్టం ఒప్పుకోవడానికి 2006 దాకా పట్టింది. అన్యాయమైన నియమాన్ని ధిక్కరించడం ఎలాగో ఆ మనుషులకి నేను నేర్పక్కర్లేదు. అలాంటి ఊరి మనిషి “రెండు గంటలకి తిరిగిపోవాల” అన్నాడంటే, అది తాళంచెవి చేతిలో ఉన్న వార్డెన్ మాట కాదు. ఆ కొండ మీద తన కాళ్లతో నేర్చుకున్నది మాకు చెప్పాడు.

ఇంకో మాట కూడా నన్ను నేను అడగవలసి వచ్చింది. మమ్మల్ని తీసుకెళ్లింది ఏ కలెక్టరో, ఏ డాక్టరో అయితే ఆ కేక విననట్టు నటించేదాన్నా? లేదు. ఠక్కున ఆగేదాన్ని. అతను రోజుకూలికి వచ్చిన సవర మనిషి, నేను మేడంని. అతని ‘వద్దు’కి నా దగ్గర అంత విలువే ఉంది. పితృస్వామ్యాన్ని ధిక్కరించాననుకుంటూ, నా కులమూ నా ఉద్యోగమూ నాకిచ్చిన వెసులుబాటుని వాడుకున్నాను.

*

పది రోజుల తర్వాత నర్సు మేడమూ నేనూ వాళ్లింటికి వెళ్లాం. కట్టుకోసం ఆరు వారాలన్నారట. నూర్పుల కాలం. మేమంతా వేసుకుని తీసుకెళ్లిన డబ్బు అతను లెక్కపెట్టి తీసుకున్నాడు. వద్దని అనలేదు, దండం పెట్టలేదు. అది నాకు కాస్త ఊరటనిచ్చింది. అతని భార్య చేటలో రాగులు చెరుగుతూ మావైపు చూడకుండానే అడిగింది.

“సివరాకరికి పైకెక్కినావేటమ్మా?”

“లేదమ్మా” అన్నాను.

ఆవిడ చెరుగుతూనే ఉంది. కాసేపటికి అతనే అన్నాడు: “రెండు గంటలన్నాను గదమ్మా. గడియారం మీ చేతికే ఉంది. నా కాడ లేదు.”

అతను నిష్ఠూరంగా అనలేదు. ఉన్నమాట చెప్పాడు. ఎండ చూసి టైం చెప్పే మనిషి, గడియారం ఉన్న పదకొండు మందిని నమ్మి ఆ షరతు పెట్టాడు.

ఎవరెస్టు కథలు చదివే అలవాటు నాకు అప్పట్నుంచే వచ్చింది. అక్కడా ఈ ‘తిరుగు గంట’ ఉంది. 1996 మే 10న న్యూజీలాండ్ గైడ్ రాబ్ హాల్ తన బృందానికి చెప్పిన వేళ మధ్యాహ్నం ఒంటిగంట, మహా అయితే రెండు. ఒక్కొక్కరికి 65 వేల డాలర్ల దాకా రుసుము పెట్టిన బృందం అది. అందులో డగ్ హాన్సెన్ అనే ఆయన్ని అంతకుముందు ఏడాది శిఖరానికి దగ్గర్లోంచి హాల్ వెనక్కి తిప్పి తీసుకెళ్లాడు. ఈసారి నాలుగు దాటాక కూడా ఆయనకోసం పైన ఎదురుచూశాడు. తుఫాను వచ్చింది. ఇద్దరూ దిగిరాలేదు. ఆ ఒకటి రెండు రోజుల్లో ఆ కొండ మీద ఎనిమిది మంది చనిపోయారు. వాళ్లలో జపాన్‌కి చెందిన యసుకో నంబా కూడా ఉంది. 47 ఏళ్ల వయసులో ఏడు ఖండాల ఎత్తైన శిఖరాలనూ ఎక్కిన మనిషి ఆమె. నియమం పెట్టినవాడే జాలితో దాన్ని సడలించాడు. ఆ జాలి హాన్సెన్‌ని కాపాడలేదు, హాల్‌నీ కాపాడలేదు.

2012లో శ్రియా షా అనే కెనడా మహిళ ఆలస్యంగా శిఖరం చేరి, దిగుతూ చనిపోయింది. వెనక్కి తిరగమని ఎంత చెప్పినా ఆమె వినలేదని వెంట ఉన్నవాళ్లు తర్వాత చెప్పారు. ఖాట్మండులో పుట్టిన పిల్ల ఆమె. ఆమె మొండితనం నాకు తెలిసిన మొండితనమే. అందుకని ఆమెను తిట్టుకోలేను. కానీ ఆమె కథ చదివినప్పుడల్లా ఆమె పక్కన నిలబడి బతిమాలిన షెర్పాల వైపే నా చూపు పోతుంది. ఆమెను వదిలి రాలేరు, మోసుకు రాలేరు. డబ్బు తీసుకున్నందుకు ఆ నిస్సహాయత కూడా వాళ్లు అమ్మినట్టేనా? 2014 ఏప్రిల్ 18న ఖుంబూ మంచుపాతం దగ్గర కొండచరియలా విరిగిపడ్డ మంచు కింద 16 మంది నేపాలీ కార్మికులు చనిపోయారు. ఇతరులు ఎక్కడానికి తాళ్లూ సామాన్లూ చేరవేస్తున్న మనుషులు వాళ్లు. నేపాల్ వైపు ఆ ఏడాది ఎక్కడాలు దాదాపు ఆగిపోయాయి. అదే ఏడాది మే 25న మన మాలావత్ పూర్ణ, పద్నాలుగేళ్లు కూడా నిండకుండా, టిబెట్ వైపు నుంచి ఆనంద్ కుమార్‌తో కలిసి ఎవరెస్టు ఎక్కింది. ఆ ఫొటో చూసి నేనూ ఏడ్చాను. పూర్ణ భువనగిరి గుట్ట మీద తాడు కట్టుకోవడం నేర్చుకుంది. ఆ తాడు ఆమెను కట్టిపడెయ్యలేదు, అంత ఎత్తుకి తీసుకెళ్లింది. చెరువు గట్టు మీద నాకు దొరకనిది ఆ శిక్షణే.

*

ఇంతవరకూ రాసి ఆపితే ఈ వ్యాసం పెద్దలకు నచ్చే వ్యాసమైపోతుంది. ‘చెప్పిన మాట వినాలి’ అని. నాకు ఆ భయం ఉంది. ఎందుకంటే నియమాన్ని ఉల్లంఘించారన్న మాట, పెద్దవాళ్ల చేతుల్లో పడితే, చనిపోయినవాళ్ల మీద వేసే నేరమవుతుంది.

2014 జూన్ 8న హిమాచల్‌లో బియాస్ నది మధ్యలో రాళ్ల మీద నిలబడి ఫొటోలు దిగుతున్న హైదరాబాద్ ఇంజనీరింగ్ విద్యార్థులు 24 మంది, టూర్ నడిపిస్తున్న మనిషి ఒకరు, లార్జీ డ్యామ్ నుంచి వదిలిన నీళ్లలో కొట్టుకుపోయారు. పిల్లలు నదిలోకి ఎందుకు దిగారు, సైరన్ వేస్తే ఎందుకు వినలేదు అన్నారు మొదట. హిమాచల్ హైకోర్టు ఆ మాటతో ఊరుకోలేదు. 2016 జనవరిలో ఒక్కొక్క కుటుంబానికి 20 లక్షల పరిహారం ఇమ్మని చెప్పి, ఆ భారాన్ని విద్యుత్ బోర్డుకీ, కాలేజీకీ, రాష్ట్ర ప్రభుత్వానికీ పంచింది. ఆ నీళ్ల సంగతి తెలియని ఊరి పిల్లలకి ఆ సంగతి చెప్పవలసినవాళ్లు ఎవరన్నదే అసలు ప్రశ్న.

2019 సెప్టెంబరు 15న పాపికొండలకి బయల్దేరిన పర్యాటకుల పడవ కచ్చులూరు దగ్గర గోదావరిలో మునిగింది. లైఫ్ జాకెట్లు తీసేసి కూర్చున్నారన్న మాట అప్పుడు చాలా వినబడింది. జాకెట్ వేసుకుని ఉండాల్సిందే, అందులో వాదన లేదు. కానీ అంత వరదలో పడవ కట్టు విప్పింది పర్యాటకులు కాదు. మునిగినవాళ్లలో 26 మందిని బతికించింది కచ్చులూరు గ్రామస్థులు. గట్టు మీద నుంచి చూసి, తమ చిన్న పడవలేసుకుని వచ్చిన గిరిజనులు. మన నిర్లక్ష్యమైనా, ప్రభుత్వ నిర్లక్ష్యమైనా, చివరికి నీళ్లలోకి వచ్చేది వాళ్లే.

కాబట్టి నియమం కనబడగానే పాటించడమూ, కనబడగానే తెంచుకోవడమూ రెండూ ఆలోచించకుండా తప్పించుకునే దారులే. నా మటుకు నేను ఇప్పుడు మూడు ప్రశ్నలు వేసుకుంటున్నాను. ఈ నియమం తన కారణం చెప్పగలదా? మబ్బు, చీకటి, ఎలుగు అని అతను చెప్పాడు. హాస్టల్ గేటు ఎప్పుడూ చెప్పలేదు. ఇది పెట్టినవాళ్లకి కూడా వర్తిస్తుందా? అతనూ రెండు గంటలకే తిరిగేవాడు. అన్నయ్యకి చెరువు గట్టు ప్రమాదం కాకపోవడం నాకు గుర్తుంది. నేను దీన్ని తెంచితే ఆ దెబ్బ ఎవరి ఒంటికి తగులుతుంది? హాస్టల్ గోడ దూకిన రాత్రి శిక్ష నాకే పడింది, అది నేను భరించగలను, భరించాను. కొండ మీద నేను తెంచిన నియమానికి విరిగింది ఇంకొకరి చెయ్యి. నా స్వేచ్ఛకయ్యే ఖర్చు నాకంటే పేదవాళ్ల చేత కట్టించినప్పుడు దాన్ని నేను స్వేచ్ఛ అనలేను.

మొదటి షరతు విషయంలో మాత్రం మా తప్పెంతో, ఆ షరతు తప్పూ అంతే. గుంపు వదలకూడదన్నప్పుడు ఆ గుంపులో ఆడ శరీరాలున్నాయని దానికి గుర్తు లేదు. అలాంటి నియమాన్ని చాటుగా తెంచితే ప్రమాదం. నోరు విప్పి అడిగితే అది మారుతుంది. మేం అడగలేదు. అన్నిటి గురించీ వ్యాసాలు రాసే పదకొండు మంది ఆడవాళ్లం, ఒంటికి వెళ్లాలని చెప్పలేకపోయాం.

*

రెండేళ్ల తర్వాత మళ్లీ వెళ్లాం, ఏడుగురిమి. అతన్నే పిలిచాం. వస్తాడో రాడో అనుకున్నాను, వచ్చాడు. ఈసారి మాతో పాటు అతని భార్య కూడా నడిచింది, కూలి ఇద్దరికీ. బయల్దేరేముందు అందరం కూర్చుని షరతులు మాట్లాడుకున్నాం. గంటకోసారి ఆగడం, ఆవిడ ఆడవాళ్లని పొదల వైపు తీసుకెళ్లడం, అక్కడ అందరూ నీళ్లు తాగడం అందులో చేరాయి. ఎవరికి నెలసరో, ఎవరికి మోకాళ్ల నొప్పో ముందే చెప్పుకున్నాం. నా వాచీ విప్పి ఆవిడ చేతికి ఇవ్వబోతే, “నీ కాడే ఉంచు, నువ్వే సూడు” అంది.

రెండు గంటలకి ఇంకా కొంత దారి ఉంది. ఎంతో నాకు తెలియదు, అడగలేదు. ఆకాశం నిర్మలంగా ఉంది, మబ్బు జాడ లేదు. ఇంకో అరగంట నడిచినా ఏమీ కాకపోయేదేమో. వాచీ చూసి, “రెండైంది” అని నేనే అన్నాను. ఆవిడ సరేనని తలూపి, కిందికి దారి తీసింది.

మహేంద్రగిరి శిఖరం నేనింకా చూడలేదు.